ఇంట్లో కరెంటు మంటలకు ఏ రక్షణ ఎంచుకోవాలి: ఫ్యూజు, ఎంసీబీ, ఆర్‌సీసీబీ, వైర్లు, సాకెట్ల పోలిక

కొత్త ఇల్లు కట్టేటప్పుడో, పాత వైరింగు మార్పించేటప్పుడో, కరెంటు వల్ల నిప్పు అంటుకోకుండా ఏం పెట్టించుకోవాలన్న ప్రశ్న ప్రతి కుటుంబానికీ ఎదురవుతుంది. మంచి కంపెనీ ఎంసీబీలు (కరెంటు హద్దు మీరితే తామే తెగే స్విచ్చులు) వేస్తే చాలని ఎలక్ట్రీషియన్ అంటారు. మంట అంటుకోని వైరని చెప్పి దుకాణదారు ఖరీదైన చుట్ట చూపిస్తారు. డీబీలో (కరెంటును సర్క్యూట్లుగా పంచే పెట్టెలో) ఆర్‌సీసీబీ (కరెంటు భూమిలోకి కారితే తెంచే పరికరం) ఉందని బిల్డరు బ్రోషరులో రాస్తారు. వీటిలో ఏదీ అబద్ధం కాదు, ఏదీ పూర్తి సమాధానం కూడా కాదు. ఒక్కో పరికరం ఒక్కో రకం లోపాన్నే పసిగట్టగలదు. తనకు సంబంధించని లోపం తన తీగలోనే జరుగుతున్నా అది కదలదు. కాబట్టి ఏ కారణంతో పుట్టే మంటను ఏది ఆపుతుందో, ఏది ఆపలేదో ముందు పోల్చి, దాన్ని బట్టి డబ్బు ఎక్కడ ముందుగా ఖర్చు పెట్టాలో తేల్చుకోవడం మంచిది.

మంట పుట్టే దారులు ప్రధానంగా నాలుగు. వైరు మోయగలిగిన దానికంటే ఎక్కువ కరెంటు గంటల తరబడి పారడం మొదటిది. దీన్నే ఓవర్‌లోడు అంటాం. ఫేజు, న్యూట్రల్ ఒకదానికొకటి తగిలి ఒక్కసారిగా వందల ఆంపియర్లు పారడం రెండోది. ఇది అసలైన షార్ట్ సర్క్యూట్. ఇన్సులేషన్ దెబ్బతిని, తడి గోడ మీదుగానో ఇనుప డబ్బా మీదుగానో కరెంటు భూమిలోకి కారడం మూడోది. స్క్రూ దగ్గరో, అతుకు దగ్గరో, ప్లగ్గు పిన్ను దగ్గరో పట్టు వదులై ఆ చోటే వేడెక్కడం నాలుగోది. దీన్ని అందరం లూజు కనెక్షన్ అంటాం. పత్రికల్లో అగ్నిప్రమాదం అనగానే షార్ట్ సర్క్యూట్ అని రాస్తారు గానీ, ఈ నాలుగింటిలో ఎంసీబీ అత్యంత వేగంగా ఆపగలిగేది అదే. తక్కిన మూడూ నెమ్మదిగా, చప్పుడు లేకుండా ముదురుతాయి. ఎంపిక చేసేటప్పుడు ఎక్కువ జాగ్రత్త పడవలసింది వాటి విషయంలోనే.

ఫ్యూజా, ఎంసీబీయా

పాత ఇళ్లలో పింగాణీ ఫ్యూజులు ఇంకా కనిపిస్తాయి. సరైన కొలత గల ఫ్యూజు తీగ వేసినంతకాలం అది పనికిరానిదేమీ కాదు, అందులో తుప్పుపట్టి బిగుసుకుపోయే స్ప్రింగులూ ఉండవు. అయితే దానిలో రెండు లోపాలున్నాయి. తన రేటింగుకు దాదాపు రెండింతలు కరెంటు పారేదాకా ఆ తీగ కరగకపోవచ్చు. అంతసేపూ గోడలోని వైరు కాలుతూనే ఉంటుంది. రెండోది మరీ ప్రమాదకరమైనది. రాత్రిపూట ఫ్యూజు ఎగిరిపోతే చేతికి దొరికిన వైరులోంచి రెండు మూడు రాగి పోగులు తీసి చుట్టేస్తారు. ఆ క్షణం నుంచి ఆ ఇంటికి ఫ్యూజు ఉన్నట్టు కనిపిస్తుంది గాని, అక్కడ రక్షణ ఏదీ లేదు. ఎంసీబీ పడిపోతే లివరు పైకెత్తడం తప్ప మరో మార్గం ఉండదు కాబట్టి ఈ అలవాటుకు అక్కడ చోటు లేదు. ఈ ఒక్క కారణం చాలు, ఫ్యూజుల డీబీని తీసేసి ఎంసీబీలు పెట్టించుకోవడానికి.

అయితే ఎంసీబీ ఉందన్న ధైర్యం కంటే ఎన్ని ఆంపియర్ల ఎంసీబీ ఏ వైరు మీద ఉందన్న లెక్క ముఖ్యం. పైపులో వేసిన పీవీసీ రాగి వైరు, చుట్టూ 40 డిగ్రీల వేడి ఉన్నప్పుడు, 1.5 చదరపు మిల్లీమీటర్లదైతే సుమారు 15 ఆంపియర్లు, 2.5దైతే 21, 4దైతే 28, 6దైతే 36 ఆంపియర్ల వరకు నిశ్చింతగా మోస్తుంది. మన వేసవిలో డాబా కింది పైపుల్లో వేడి అంతకంటే ఎక్కువే ఉంటుంది, ఒకే పైపులో నాలుగైదు సర్క్యూట్లు లాగితే ఈ అంకెలు ఇంకా తగ్గుతాయి. ఇప్పుడు ఎన్నో ఇళ్లలో కనిపించే అమరికను చూడండి: గీజరుకు 2.5 వైరు, డీబీలో 32 ఆంపియర్ల ఎంసీబీ. ఆ ఎంసీబీ 32 ఆంపియర్లను ఎంతసేపైనా పోనిస్తుంది. ప్రమాణం ప్రకారం దాని రేటింగుకు 1.45 రెట్లు, అంటే 46 ఆంపియర్లు పారినా, ట్రిప్ కావడానికి గంట వరకు వ్యవధి తీసుకోవచ్చు. వేడి కరెంటు వర్గాన్ని (స్క్వేర్‌ను) బట్టి పెరుగుతుంది కనుక, 21 ఆంపియర్ల వైరులో 32 ఆంపియర్లు పారితే పుట్టే వేడి రెండింతలు దాటుతుంది. సాధారణ పీవీసీ ఇన్సులేషన్ 70 డిగ్రీల వరకు తట్టుకునేలా తయారవుతుంది; ఏళ్ల తరబడి అంతకు మించిన వేడి తగిలితే ముందు గట్టిపడి, తర్వాత పగుళ్లిస్తుంది.

అందువల్ల లైట్ల సర్క్యూట్‌కు 1.5 వైరుతో 6 లేదా 10 ఆంపియర్ల ఎంసీబీ, గీజరుకూ వంటింటి పవర్ పాయింటుకూ 2.5 వైరుతో 16 లేదా 20 ఆంపియర్లది, ఏసీకి 4 వైరుతో 20 లేదా 25 ఆంపియర్లది వేయించుకోవడం సరైన జోడీ. "ఎంసీబీ మాటిమాటికీ పడిపోతోంది, పెద్దది వేయండి" అని అడిగినప్పుడు వైరు మార్చకుండా ఎంసీబీ మాత్రమే మార్చే పనివాడి మాట వినకూడదు. అది పడిపోతున్నదంటే తన పని తాను చేస్తున్నదని అర్థం. లోడును రెండు సర్క్యూట్లుగా విడదీయడమో, పెద్ద వైరు లాగడమో చేయాలి.

బీ, సీ, డీ అనే రకాల మధ్య ఎంపిక కూడా ఉంది. షార్ట్ సర్క్యూట్ జరిగినప్పుడు బీ రకం తన రేటింగుకు మూడు నుంచి ఐదు రెట్ల వద్దా, సీ రకం ఐదు నుంచి పది రెట్ల వద్దా, డీ రకం పది నుంచి ఇరవై రెట్ల వద్దా క్షణంలో తెగుతాయి. దుకాణంలో అడగకుండానే సీ ఇస్తారు. ఏసీ, మోటారు వంటివి స్టార్టయ్యేటప్పుడు ఎక్కువ కరెంటు లాగుతాయి కాబట్టి వాటికి సీ సరే. లైట్లు, గీజరు, ఇస్త్రీపెట్టె వంటి వాటికి బీ చాలు, తొందరగా తెగుతుంది కాబట్టి మేలు కూడా. డీ రకాన్ని ఇంటికి తేకండి.

ఆర్‌సీసీబీ ఎవరికి తప్పనిసరి

భూమిలోకి కారే కరెంటు విషయంలో ఎంసీబీ ఎందుకు నిస్సహాయమో ఒక లెక్కతో స్పష్టమవుతుంది. మన ఇళ్లలో చాలావాటికి ఎర్తు మన ఆవరణలోని గుంటతోనే వస్తుంది. గీజరు లోపల ఫేజు వెళ్లి దాని ఇనుప ఒంటికి తగిలిందనుకుందాం. ఆ కరెంటు ఎర్తు వైరు మీదుగా గుంటలోకి, అక్కడి నుంచి మట్టి మీదుగా ట్రాన్స్‌ఫార్మర్ ఎర్తుకు చేరాలి. ఈ దారి మొత్తం నిరోధం 5 ఓమ్‌లైతే 46 ఆంపియర్లు పారుతుంది. ఇందాక చెప్పిన 32 ఆంపియర్ల ఎంసీబీ అప్పుడు కూడా గంట వరకు ఊరుకోవచ్చు. రాయలసీమలోనో, దక్షిణ తెలంగాణలోనో ఎండాకాలంలో గుంట ఎండిపోయి నిరోధం 23 ఓమ్‌లకు చేరిందంటే పారేది 10 ఆంపియర్లే. గీజరుకు వేసే ఏ ఎంసీబీ కూడా దాన్ని లోపంగా గుర్తించదు, కాని ఆ దారిలో 2,300 వాట్ల వేడి ఖర్చవుతూ ఉంటుంది. దారిలో ఎక్కడ పట్టు తక్కువగా ఉంటే అక్కడ అది ఎర్రగా కాలుతుంది.

ఆర్‌సీసీబీ ఫేజులో వెళ్లిన కరెంటునూ న్యూట్రల్‌లో తిరిగొచ్చిన కరెంటునూ పోల్చి, తేడా కనిపించగానే తెగుతుంది. పాతవాళ్లు ఈఎల్‌సీబీ అనే పేరుతో అడిగితే దుకాణంలో ఇచ్చేది ఇప్పుడు ఇదే. 30 మిల్లీ ఆంపియర్లది మనిషి ప్రాణం కోసం, 100 లేదా 300 మిల్లీ ఆంపియర్లవి మంటల నివారణ కోసం ఉద్దేశించినవి. 230 వోల్టుల దగ్గర 300 మిల్లీ ఆంపియర్లంటే సుమారు 69 వాట్లు. ఎండిన చెక్క, బూజు, దుమ్ము వంటివి రాజుకోకముందే తెంచాలన్నది ఆ హద్దు వెనుక ఆలోచన. ఇంటికైతే 30 మిల్లీ ఆంపియర్లదే పెట్టించుకోవాలి, ఎందుకంటే అది రెండు పనులూ చేస్తుంది. పెద్ద బంగళాలు, హోటళ్లు, గోదాములు వంటి చోట్ల మెయిన్ దగ్గర 300ది, కింది సర్క్యూట్లకు 30వి వేస్తే, ఒక గదిలో లోపానికి భవనమంతా చీకటి కాకుండా ఉంటుంది.

కొనేటప్పుడు మరచిపోకూడని విషయం ఒకటి: ఆర్‌సీసీబీకి ఓవర్‌లోడు తెలియదు, ఫేజూ న్యూట్రల్ తగిలి వచ్చే షార్ట్ సర్క్యూటూ తెలియదు. అది ఎంసీబీతో కలిసి ఉండాలే తప్ప దాని స్థానంలో కాదు. రెండింటి పనీ ఒకే పరికరంలో కావాలంటే ఆర్‌సీబీఓ అని దొరుకుతుంది. ఒక్కో సర్క్యూట్‌కు ఒక్కోటి పెట్టుకోగలిగితే అంతకంటే మంచి అమరిక లేదు, కాని ఎంసీబీ వందల్లో దొరికితే ఇది వేలల్లో ఉంటుంది. మధ్యేమార్గంగా నేను సూచించేది రెండు ఆర్‌సీసీబీలు: గీజర్లు, వాషింగ్ మెషిన్, వంటిల్లు, బయటి పాయింట్లు ఒకదాని కింద, మిగతా ఇల్లు మరొకదాని కింద. ఇంటికంతటికీ ఒక్కటే పెడితే వానాకాలంలో బాల్కనీ సాకెట్ చెమ్మకు మొత్తం ఇల్లు ఆగిపోతుంది. విసిగిపోయిన ఇంటివాళ్లు ఎలక్ట్రీషియన్‌ను పిలిపించి దాన్ని బైపాస్ చేయిస్తారు. ఆ తర్వాత డీబీలో అది అలంకారంగా మిగులుతుంది.

ఈ బైపాస్‌కు మన ఇళ్లలో ఇంకో కారణం ఇన్వర్టర్. ఇన్వర్టర్ లైన్లకూ మామూలు లైన్లకూ న్యూట్రల్ కలిపేసి ఉంటే, ఆర్‌సీసీబీకి వెళ్లిన కరెంటు, వచ్చిన కరెంటు ఎప్పటికీ సరిపోలవు. అది పడిపోతూనే ఉంటుంది. పరికరం పాడైందని నింద వేసి తీసేస్తారు గాని, తప్పు న్యూట్రల్ కలిపిన చోట ఉంది. కొత్త ఇంటి వైరింగులో ప్రతి సర్క్యూట్‌కూ దాని న్యూట్రల్ విడిగా లాగించమని, ఇన్వర్టర్‌కు పూర్తిగా వేరే న్యూట్రల్ వేయమని పైపులు వేసే దశలోనే చెప్పాలి. ప్లాస్టరింగు అయ్యాక ఈ మాట చెప్పి ప్రయోజనం ఉండదు.

రకాల విషయానికొస్తే, 'ఏసీ' (AC) రకం అనే పాత తరహా ఆర్‌సీసీబీ మామూలు కరెంటు లీకేజీనే గుర్తిస్తుంది. ఇన్వర్టర్ ఏసీలు, కొత్త వాషింగ్ మెషిన్లు, చార్జర్లు ఉన్న ఇంట్లో లీకేజీ అలల రూపం మారిపోతుంది కాబట్టి 'ఏ' (A) రకం అడిగి తీసుకోవడం మంచిది. ధరలో కొంత తేడా ఉన్నా ఇక్కడ పొదుపు చేయవద్దు.

ఏ పరికరమూ చూడలేనిది: లూజు కనెక్షన్

ఎక్కువ మంది తక్కువ శ్రద్ధ పెట్టేది దీని మీదే. మూడు కిలోవాట్ల గీజరు 13 ఆంపియర్లు లాగుతుంది. సాకెట్ వెనుక స్క్రూ కొద్దిగా వదులై అక్కడ పావు ఓమ్ నిరోధం ఏర్పడిందంటే, ఆ స్క్రూ మొన దగ్గరే 42 వాట్ల వేడి పుడుతుంది. రేడియో బాగుచేసేవాళ్లు టంకం పెట్టే కడ్డీ చాలావరకు 25 వాట్లది. దాని మొనకు సీసం కరుగుతుంది. అలాంటి వేడి గోడలోని ప్లాస్టిక్ పెట్టెలో రోజూ అరగంట చొప్పున పుడుతూ ఉంటే ఏమవుతుందో ఊహించడం కష్టం కాదు. కరెంటు 13 ఆంపియర్లే కాబట్టి ఎంసీబీ దాన్ని మామూలు లోడుగా చూస్తుంది. వెళ్లినదంతా న్యూట్రల్‌లో తిరిగొస్తోంది కాబట్టి ఆర్‌సీసీబీకీ అభ్యంతరం ఉండదు. వేడికి లోహం మీద పొర కట్టి నిరోధం పెరుగుతుంది, నిరోధం పెరిగినకొద్దీ వేడి పెరుగుతుంది.

మా వీధిలో ఒక ఇంట్లో గీజరు సాకెట్ విప్పినప్పుడు దగ్గరుండి చూశాను. ముందువైపు న్యూట్రల్ రంధ్రం పక్కన చిన్న గోధుమరంగు మచ్చ ఒక్కటే కనిపించింది. వెనుక స్క్రూ ముప్పావు చుట్టు వదులై ఉంది. వైరు చివర రెండంగుళాల మేర ఇన్సులేషన్ గట్టిపడి, వంచగానే తునకలుగా రాలింది. రాగి పోగులు ఎరుపు పోయి నల్లబడ్డాయి. ఇత్తడి క్లిప్పు సాగిపోయి పిన్నును పట్టుకోవడం మానేసింది. ఆ ఇంటి డీబీలో ఎంసీబీ, ఆర్‌సీసీబీ రెండూ ఉన్నాయి, రెండూ చక్కగా పనిచేస్తున్నాయి. కొన్ని వారాలుగా స్నానాల గది దగ్గర చేపల వాసన లాంటిది వస్తోందని ఆ ఇంటి ఆమె చెప్పారు. ప్లాస్టిక్ సామాను వేడెక్కినప్పుడు వచ్చే ఆ వాసనను ఎప్పుడూ తేలిగ్గా తీసుకోకూడదు.

దీన్ని నివారించే ఎంపికలు ఖరీదైనవి కావు. గీజరు, ఏసీ వంటివాటికి ప్లగ్గు, సాకెట్ మానేసి 20 ఆంపియర్ల డీపీ (డబుల్ పోల్) స్విచ్‌కు వైరును నేరుగా బిగించడం మేలని నా అభిప్రాయం. పిన్ను, క్లిప్పు అనే బలహీనమైన చోటే అప్పుడు ఉండదు, ఫేజు న్యూట్రల్ రెండూ ఒకేసారి తెగుతాయి కాబట్టి రిపేరుకూ ఇబ్బంది లేదు. సాకెట్ తప్పనిసరైతే ఐఎస్ 1293 ప్రమాణం ముద్ర ఉన్న 16 ఆంపియర్లది తీసుకుని, ప్లగ్గు గట్టిగా పట్టుకుంటోందో లేదో దుకాణంలోనే పెట్టి తీసి చూడాలి. లావు పిన్నుల ప్లగ్గును 6 ఆంపియర్ల సాకెట్‌లో పెట్టడానికి అమ్మే కన్వర్టర్ ప్లగ్గుల్ని ఇంట్లో ఉంచనే వద్దు. సన్నపోగుల వైరును స్క్రూ కింద నేరుగా బిగిస్తే పోగులు పక్కకు జారతాయి; చివర పిన్ లగ్గు (పోగుల్ని కలిపి పట్టే చిన్న లోహపు తొడుగు) నొక్కి బిగిస్తే పట్టు నిలుస్తుంది. ఒక స్క్రూ కింద మూడు నాలుగు వైర్లు కుక్కనివ్వకండి. పైపు లోపల అతుకు ఉండకూడదు. తప్పనిసరి అతుకును జంక్షన్ బాక్సులోనే పెట్టించి, మెలేసి టేపు చుట్టడానికి బదులు స్క్రూ కనెక్టరో, లీవరుతో బిగించే కనెక్టరో వాడించాలి. టేపు జిగురు మన ఎండలకు కొన్నేళ్లలోనే జారిపోతుంది.

ఏటా వేసవికి ముందు, మెయిన్ ఆపించి, డీబీలోనూ గీజరు, ఏసీ పాయింట్ల దగ్గరా స్క్రూలు బిగింపజేయడానికి ఒక పూట కూలి చాలు. అన్ని పరికరాలనూ పక్కన పెట్టి ఒక్కదానికే డబ్బుందని ఎవరైనా అంటే, సరైన ఎంసీబీ తర్వాత నేను ముందుగా ఈ కూలికే ఇవ్వమంటాను. పాత ఇళ్లలో అల్యూమినియం వైర్లుంటే ఈ పని ఇంకా అవసరం, ఎందుకంటే ఆ లోహం స్క్రూ ఒత్తిడికి మెల్లగా నలిగి జారుతుంది, దాని మీద వెంటనే పొర కడుతుంది. అల్యూమినియాన్నీ రాగినీ కలిపి మెలేసిన చోట మరీ త్వరగా పాడవుతుంది.

ఈ లోపాన్ని కొంతవరకు పట్టే పరికరం ఒకటుంది. తెగిన పోగుల మధ్యనో, వదులైన చోటనో పుట్టే నిప్పురవ్వల గుర్తును కరెంటు అలల్లో వెతికి తెంచేదాన్ని ఏఎఫ్‌డీడీ అంటారు. అమెరికాలో 1999 విద్యుత్ నియమావళి పడకగదులకు వీటిని విధించి 2002 నుంచి అమల్లోకి తెచ్చింది. అక్కడ స్థిరపడిన మనవాళ్ల ఇళ్లలో ఏఎఫ్‌సీఐ పేరుతో ఉండే బ్రేకర్లు ఇవే. మాటిమాటికీ పడుతోందని వాటిని తీయించి మామూలు బ్రేకరు వేయించకండి. ముందు ఆ గదిలోని తీగల్నీ పాత ఉపకరణాల్నీ ఒక్కొక్కటిగా తీసి చూడాలి. ఇక్కడ ఇవి దొరికినా చాలా ఖరీదు. పైగా నిప్పురవ్వ లేకుండా ఎర్రగా కాలే లూజు కనెక్షన్‌ను ఇవి నమ్మకంగా పట్టలేవు. కాబట్టి మన ఇళ్లకు ఇప్పట్లో దీన్ని చివరి ఎంపికగానే చూడవచ్చు.

వైరు: ముందు లావు, తర్వాత రకం

దుకాణంలో ఎఫ్‌ఆర్, ఎఫ్‌ఆర్‌ఎల్‌ఎస్, హాలోజన్ లేని హెచ్‌ఎఫ్‌ఎఫ్‌ఆర్ అని మూడు రకాలు కనిపిస్తాయి. ఎఫ్‌ఆర్ అంటే నిప్పు తగిలినప్పుడు మంటను వైరు పొడవునా సులభంగా పాకనివ్వదు. అయినా అది పీవీసీయే కనుక కాలితే దట్టమైన నల్లటి పొగ, ఊపిరితిత్తుల్ని కోసే హైడ్రోజన్ క్లోరైడ్ వాయువు వస్తాయి. ఎఫ్‌ఆర్‌ఎల్‌ఎస్‌లో పొగ, ఆమ్లవాయువు తగ్గించి ఉంటాయి. హెచ్‌ఎఫ్‌ఎఫ్‌ఆర్‌లో క్లోరిన్ వంటివి దాదాపు ఉండవు, పొగ పలచగా ఉంటుంది. ఈ మూడింటిలో ఏదీ ఓవర్‌లోడును గాని, లూజు కనెక్షన్‌ను గాని ఆపదు. మంట మొదలయ్యాక అది ఎలా నడుస్తుందన్న దాన్నే మారుస్తుంది.

అయినా ఆ తేడా చిన్నది కాదు. 2023 మార్చి 16న సికింద్రాబాద్ స్వప్నలోక్ కాంప్లెక్స్‌లో ఆరుగురు యువ ఉద్యోగులు చనిపోయారు. 2025 మే 18న హైదరాబాద్ గుల్జార్‌హౌజ్ దగ్గర ఒకే భవనంలో 17 మంది చనిపోతే, వారిలో ఎనిమిది మంది చిన్నపిల్లలు. ఈ రెండు చోట్లా ఎక్కువ ప్రాణాలు తీసింది పొగ. ఒకే మెట్లదారి ఉన్న భవనంలో, పై అంతస్తుల్లో, పడకగదుల్లో ఉండేవారికి పొగ తగ్గించే వైరు మీద పెట్టే అదనపు ఖర్చు న్యాయమైనదే. విడిగా ఉన్న ఒక అంతస్తు ఇంటికి, నాలుగు వైపులా తలుపులున్న చోట, ఎఫ్‌ఆర్ వైరుతో సరిపెట్టుకుని, మిగిలిన డబ్బును ఒక కొలత లావు వైరు మీదా ఎక్కువ సర్క్యూట్ల మీదా పెట్టడం నాకు మెరుగ్గా తోస్తుంది. అపార్ట్‌మెంట్‌లో, ఆసుపత్రిలో, కోచింగ్ సెంటర్‌లో, హాస్టల్‌లో మాత్రం ఎఫ్‌ఆర్‌ఎల్‌ఎస్‌కు తక్కువ వేయకూడదు, వీలైతే హెచ్‌ఎఫ్‌ఎఫ్‌ఆర్ వేయాలి.

పాత మేస్త్రీలు ఇప్పటికీ 3/20, 7/20 అనే లెక్కలో మాట్లాడతారు. 3/20 అంటే దాదాపు 2 చదరపు మిల్లీమీటర్లు, 7/20 అంటే 4.6. "మూడు ఇరవై వేశాం, రెండున్నరతో సమానమే" అంటే ఒప్పుకోవద్దు, అది తక్కువే. రాగిపూత పూసిన అల్యూమినియం తీగను రాగి పేరుతో అమ్మడం ఇంకో మోసం. కొస కొద్దిగా గీకి చూస్తే లోపల తెలుపు బయటపడుతుంది, చుట్ట కూడా బరువు తక్కువగా ఉంటుంది. చుట్ట మీది ఐఎస్ఐ గుర్తు కింద ఉండే సీఎం/ఎల్ నంబరును బీఐఎస్ కేర్ యాప్‌లో వేసి చూస్తే ఆ లైసెన్సు ఎవరిదో, దేనికి ఇచ్చారో కనిపిస్తుంది. కొనేముందు దుకాణంలోనే చూసుకోండి.

ఎక్స్‌టెన్షన్ బాక్సుల గురించి క్లుప్తంగా. టీవీ, మోడెం, ఫోన్ చార్జర్ల వంటి చిన్న లోడులకే అవి సరిపోతాయి. సన్నటి తీగతో వచ్చే చౌక బాక్సు మీద ఇండక్షన్ స్టవ్ గాని, ఇస్త్రీపెట్టె గాని, రూమ్ హీటర్ గాని పెట్టకూడదు. గోడ సాకెట్ వెనుక 16 ఆంపియర్ల ఎంసీబీ ఉంటే, ఆ సన్నటి తీగను అది కాపాడలేదు. రోజూ కావలసిన చోట కొత్త పాయింటు వేయించుకోవడం తప్ప దీనికి వేరే దారి లేదు.

ఎలక్ట్రిక్ స్కూటరుకు విడిగా 16 ఆంపియర్ల సాకెట్, దానికే ఒక ఎంసీబీ, 30 మిల్లీ ఆంపియర్ల 'ఏ' (A) రకం ఆర్‌సీసీబీ ఉండాలి. అయితే బ్యాటరీ లోపల పుట్టే మంటను ఇవేవీ ఆపవు. 2022 ఏప్రిల్‌లో విజయవాడ, నిజామాబాద్‌లలో ఇంట్లో చార్జింగ్ పెట్టిన బ్యాటరీలు పేలి ప్రాణాలు పోయాయి. అదే ఏడాది సెప్టెంబరు 12న సికింద్రాబాద్‌లో స్కూటర్ల షోరూమ్‌లో రేగిన మంటల పొగ పైనున్న లాడ్జిని కమ్మేసి ఎనిమిది మందిని బలి తీసుకుంది. కాబట్టి ఇక్కడ అన్నిటికంటే ముఖ్యమైన ఎంపిక స్థలం: పడకగది, హాలు, మెట్ల కింది భాగం పనికిరావు, పోర్టికో, ఆరుబయట షెడ్డు, లేదా గాలి ఆడే పార్కింగు కావాలి.

ఎవరు దేనితో మొదలుపెట్టాలి

ఇరవై ముప్పై ఏళ్ల పాత సొంత ఇంట్లో ఉంటూ, వైరింగు మొత్తం మార్చే స్తోమత ఇప్పుడు లేనివారు ముందు ఫ్యూజుల డీబీని మార్పించి, ఉన్న వైరు లావుకు సరిపడే చిన్న ఎంసీబీలు వేయించాలి. ఆ తర్వాత గీజరుకూ ఏసీకీ డీబీ నుంచి కొత్త వైర్లు గోడ పైనుంచే పైపులో లాగించాలి. ఆ కొత్త లైన్లకు ఆర్‌సీసీబీ పెట్టడం సులువు, ఎందుకంటే వాటి న్యూట్రల్ విడిగా ఉంటుంది. పాత లైన్లలో న్యూట్రళ్లు ఎక్కడెక్కడ కలిశాయో తేలేదాకా వాటిని దాని కిందికి తేకపోతే విసుగు తప్పుతుంది.

కొత్తగా కట్టుకునేవారికి అన్నీ సాధ్యమే కాబట్టి వాళ్లు బేరం ఆడవలసింది సర్క్యూట్ల సంఖ్య దగ్గర. ప్రతి గీజరుకూ, ప్రతి ఏసీకీ ఒక్కో లైను, వంటింటికి కనీసం రెండు పవర్ లైన్లు రాయించుకోండి. త్రీఫేజు కనెక్షన్ తీసుకునేవారు వోల్టేజీ పెరిగినా తగ్గినా తెంచే ప్రొటెక్టరును మెయిన్ దగ్గర పెట్టించుకోవాలి. స్తంభం దగ్గర న్యూట్రల్ తెగినప్పుడు కొన్ని గదుల్లోకి 230కి బదులు 400 వోల్టుల దాకా రావచ్చు. అప్పుడు టీవీలు, చార్జర్లు కాలుతుంటే ఎంసీబీ గాని, ఆర్‌సీసీబీ గాని వెంటనే స్పందించవు.

అద్దెకు ఉండేవారు గోడలు తవ్వలేరు. అయినా గీజరు సాకెట్ మార్పించుకోవడం, డీబీ స్క్రూలు బిగింపజేయడం, ఒక ఆర్‌సీసీబీ వేయించమని ఇంటి యజమానిని గట్టిగా అడగడం వారి చేతిలో ఉన్నవే. గీజరు ఆన్ చేసిన పావుగంట తర్వాత స్విచ్ ఆపి, సాకెట్ ముఖం మీద చేతి వెనుకభాగం ఆనించి చూడండి. గోరువెచ్చన దాటి వేడిగా ఉంటే ఆ పాయింటును ఆ రోజు నుంచే వాడటం ఆపాలి.

మంట ఆర్పే సిలిండర్లలో, ఇంటికి రెండు కిలోల ఏబీసీ పౌడరుది అన్ని విధాలా అక్కరకొస్తుంది. కర్ర, గుడ్డ, పెట్రోలు, కిరోసిన్, కరెంటు సామాను అన్నింటి మీదా పనిచేస్తుంది, గేజీ ముల్లు పచ్చరంగులో ఉందా లేదా అని ఎవరైనా చూడగలరు. కార్బన్ డయాక్సైడుది పొడి మిగల్చదు కాబట్టి సర్వర్లు, వైద్య పరికరాలు ఉన్న చోట మంచిది, కాని బరువెక్కువ, గేజీ ఉండదు, లోపల వాయువు ఎంత మిగిలిందో తూచి తెలుసుకోవాలి. ఇవి రెండూ మెలకువగా ఉన్నవారికే ఉపయోగం. నిద్రలో ఉన్నవారిని లేపేది బ్యాటరీతో నడిచే పొగ అలారం. ఏఎఫ్‌డీడీ ధరలో చిన్న వంతుకే వచ్చే ఈ అలారాన్ని పడకగదుల బయటి నడవలో సీలింగుకు బిగించుకోండి. వంటింటి తాళింపు పొగ తగలనంత దూరంలో ఉండాలి.

ఇప్పటికే ఆర్‌సీసీబీ ఉన్నవారు దాని మీద టీ అని రాసి ఉన్న చిన్న బొత్తాన్ని ఈ రోజే నొక్కి చూడాలి. వెంటనే తెగితే సరి, మళ్లీ మూడు నెలలకు నొక్కండి. తెగకపోతే ఆ పెట్టె లోపల యంత్రం బిగుసుకుపోయి ఉండవచ్చు, లేదా ఎవరో ఎప్పుడో బైపాస్ చేసి ఉండవచ్చు. డీబీ మూత తీయించి ఫేజు, న్యూట్రల్ రెండూ దాని గుండానే వెళ్తున్నాయో లేదో ఎలక్ట్రీషియన్‌తో చూపించుకుని, యంత్రమే పోతే కొత్తది వేయించేదాకా గీజరు స్విచ్ వేయకండి.